ఎనిమిదో స్తంభం

రాదిసావ్ ఆ ఉదయం పనులు పంచుతూ అందరి పేర్లూ పిలిచాడు, తన వదిన పేరు తప్ప. పారలూ తోపుడు బళ్ళూ తీసుకుని జనం కోట గుమ్మం వైపు కదిలాక, వ్యాను పక్కన ఒక్కతే మిగిలిపోయిన స్తమేనా వైపు చూడకుండానే అన్నాడు.

"నువ్వు ఎనిమిదో గుంతలో దిగు."

ఎనిమిదో గుంతంటే నది వైపు చివర. రోమన్ కోట ఉత్తర గుమ్మం మీద బొగ్గు గని వాళ్ళు పెద్ద కప్పు వేయిస్తున్నారు. ఆ కప్పుకి లేవాల్సిన స్తంభాల్లో మొదటి ఏడింటికీ గుంతలు ఎండు నేలలో పడ్డాయి. ఎనిమిదోది కోట మట్టికట్ట కిందికి పోతుంది. అడుగున ఊట. డాన్యూబ్ మీంచి వచ్చే కోషవ గాలికి అక్కడ అడ్డంగా గోడంటూ లేదు. గాలి మొదలై అది రెండో రోజు. మొదలైందంటే తొందరగా వదలదని అందరికీ తెలుసు.

స్తమేనా తాపీ, బకెట్టు, మోకాళ్ళ కింద వేసుకునే స్పాంజి ముక్క తీసుకుని నడిచింది. వెనకనించి పెర్సిదా గొంతు వినిపించింది. గని కింద పోయిన ద్రెనావ ఊళ్ళో ఇద్దరూ ఒకే వీధిలో కాపురాలు చేసినవాళ్ళు.

"టీవీ వాళ్ళొస్తే కబురు పెడతాంలే. అక్కడ గాలెక్కువ, రుమాలు గట్టిగా కట్టుకో. జుట్టు చెదిరితే టీవీలో బాగుండవు."

ఇద్దరు మగవాళ్ళు నవ్వారు. కిందటివారం టీవీ అమ్మాయి వచ్చి మైకు పెడితే స్తమేనా ఒక మాట అంది. "రోమన్ల గుమ్మం కోసం బొగ్గు మోసే బెల్టుని పక్కకి తిప్పారు. మా ద్రెనావ ఊరి కోసం తిప్పమంటే బెల్టు తిరగదన్నారు." ఆ మాట వార్తల్లో వచ్చింది. గని ఇంజనీరు తవ్వకాల పెద్ద అయిన వుకోసావ మేడంకి ఫోన్ చేశాడు. మేడం మేస్త్రీ రాదిసావ్‌ని నిలబెట్టి కడిగింది. రాదిసావ్ ఆ రోజు నుంచి వదిన మొహం చూడటం మానేశాడు. అయితే ఆ మాట అబద్ధమని మాత్రం ఎవరూ అనలేదు.

గుంతలో మోకాళ్ళ మీద కూర్చుని స్తమేనా గీకడం మొదలుపెట్టింది. రోమన్ సైనికులు గడ్డిపెళ్ళలు కోసి పేర్చిన కట్ట అది. కోసినచోట బూడిదరంగు చార, గోధుమరంగు చార, మళ్ళీ బూడిదరంగు చార, పొరల రొట్టెలాగా కనిపిస్తుంది. తాపీ అంచుని తన వైపుకి లాగుతూ ఒక్కో చారనీ తీసింది. బకెట్టు నిండినప్పుడల్లా తనే నిచ్చెనెక్కి పోసి వచ్చింది. ఎవరూ అందుకోవడానికి రాలేదు. మధ్యాహ్నానికి చారలు అయిపోయాయి. కింద నల్లమట్టి తగిలింది. దాని కింద ఎరుపు.

పంపుతో నీళ్ళు చిలకరించింది. తడిసేసరికి ఎరుపు బాగా తేలింది. గుండ్రంగా తిరిగిన అంచు, కాలి గట్టిపడిన మన్ను. దాని మీద ఒక కుండ, కూర్చున్నచోటే నలిగి, పెంకులన్నీ ఒకదాని పక్కన ఒకటి ఉన్నవి ఉన్నట్టే పడి ఉన్నాయి.

తాపీ పక్కన పెట్టి, పైకెక్కి మేడంని పిలిచింది.

వుకోసావకి అరవై దగ్గరపడుతున్నాయి. పొడుగు మనిషి. ఎవరినీ పలకరించదు, ఎవరైనా పలకరిస్తే తలైనా ఊపదు. సిగరెట్టు పారేసి గుంతలోకి దిగింది.

"పక్కకి జరుగు. నీ నీడ పడుతోంది."

చాలాసేపు తనే గీకింది. కుంచెతో దులిపింది. ఎరుపు అంచు దగ్గర వేలు పెట్టి ఆపింది.

"పొయ్యి," అంది. "కోటకి ముందుది. ఇక్కడ ఇల్లుండేది. సైన్యం వచ్చి ఇల్లు చదును చేసి దాని మీదే కట్ట పోసింది. ఇటు చూడు, పొయ్యి మీద మూడుసార్లు కొత్త మట్టి మెత్తారు. చాలాకాలమే ఉన్నారు."

"ఎవరు?"

"తెలీదు. రోమన్ల ముందు ఈ ఒడ్డున ఎవరుండేవారో చెప్పడానికి ఇన్నేళ్ళలో నాకు ఒక్క ఇల్లు దొరకలేదు."

ఆ మాట అంటున్నప్పుడు ఆమె చెయ్యి ఆ మట్టి మీదే ఉండిపోయింది. తర్వాత లేచి మోకాళ్ళు దులుపుకుంది. గొంతు మళ్ళీ మామూలైపోయింది.

"ఫొటోలు తీయిస్తాను. కొలతలు రాయిస్తాను. శుక్రవారం కాంక్రీటు పోస్తారు."

"అంతేనా?"

"అంతే."

"మా ఇంటికొచ్చినప్పుడు ఇంజనీరు కూడా ఇదే అన్నాడు మేడం. కావాలంటే ఫొటోలు తీసుకోండి, శుక్రవారం మిషనొస్తుంది అని."

వుకోసావ నిచ్చెన మీద ఒక కాలు వేసి ఆగింది. "నీ ఇంటి సంగతి నాకెందుకు? నీకు జీతం ఇస్తోంది తవ్వడానికి."

"తవ్వుతాను. గుమ్మానికి నాలుగేళ్ళు తవ్వారు. దీనికి మూడు రోజులా?"

"గుమ్మానికి ఖర్చు పెట్టేది గని. దీనికి ఎవరు పెడతారు, నువ్వా?"

స్తమేనా జవాబు చెప్పేలోపే ఆమె పైకి వెళ్ళిపోయింది.

*

బుధవారం భోజనాల వేళకి అందరూ పనివాళ్ళ కోసం పెట్టిన ఇనప గదిలోకి చేరారు. లోపల కట్టెల పొయ్యి మీద మిరపకాయలు కాలుస్తున్నారు. ఆ వాసన బయటిదాకా వస్తోంది. స్తమేనా తలుపు తీసేసరికి బల్ల మీద ఖాళీ ఉన్నచోట పెర్సిదా తన సంచీ పెట్టింది.

"చోటు లేదు," అంది, మొహం మీదే.

"సంచీకి చోటుంది, మనిషికి లేదా?"

"సంచీ నోరు తెరవదు కదా." పెర్సిదా రొట్టె మీద వెన్న రాసుకుంటూ తలెత్తింది. "చూడు స్తమేనా. కప్పు లేస్తే ఇక్కడ కాపలాకి ఇద్దరు కావాలి. టికెట్లు చింపడానికి ఒకరు కావాలి. ఊడవడానికి ఒకరు. మా అమ్మాయి పేరు ఇచ్చాను నేను. నీకు ఇల్లు పోయిందని మా అందరి కడుపులూ కొడతావా? మా ఇళ్ళు పోలేదా?"

"పోయాయి. అందుకే అడుగుతున్నా. ఆ గుంతలో ఉన్నది కూడా ఇల్లే."

"రెండు వేల ఏళ్ళ కింద చచ్చినవాళ్ళకి ఇల్లెందుకే?"

"గుమ్మం కట్టినవాళ్ళు మాత్రం బతికున్నారా?"

ఒక ముసలాయన కిసుక్కుమన్నాడు, రాదిసావ్ చూడగానే మూతి తుడుచుకున్నాడు. రాదిసావ్ లేచి వచ్చి తలుపు దగ్గర నిలబడ్డాడు. అచ్చం అన్నలాగే భుజాలు ముందుకి వంచి నిలబడతాడు. అది చూసినప్పుడల్లా స్తమేనాకి ఒళ్ళు మండుతుంది.

"వదినా, ఒక్కమాట. నాకు కాపలా పని ఇస్తానని ఇంజనీరు గారు నోటితో అన్నారు. ఇంకా కాగితం మీద పెట్టలేదు. ఈ రెండు రోజులూ నోరు కట్టుకో."

"ఇల్లు గనికి రాసిచ్చి తొందరపడి సంతకం పెట్టింది నువ్వు. ఇప్పుడు నోరు కట్టుకోవాల్సింది నేనా?"

"అన్న బతికుంటే తనూ పెట్టేవాడు."

"మీ అన్న పేరు ఎత్తకు," అని ఆమె తలుపు వేసేసింది. గోడ చాటున నిలబడి రొట్టె, ఉల్లిపాయ తింది. గాలికి రొట్టె మీద ఇసుక పడితే దులుపుకోకుండానే నమిలింది.

ఇంజనీరు గ్వోజ్దెన్ సాయంత్రం వచ్చాడు. చలికోటు, శుభ్రమైన బూట్లు. గుంత అంచు దాకా వచ్చి లోపలికి తొంగి చూసి, స్తమేనాని గుర్తుపట్టాడు.

"ఓహో. ఇక్కడ కూడా మీరేనా?"

"నేనేనండి. మీరెక్కడికి వస్తే నేనక్కడే ఉంటున్నాను. లేదంటే నేనున్నచోటికే మీరొస్తున్నారు."

"ఎల్లుండి పొద్దున కాంక్రీటు బండి వస్తుంది. ఆ తర్వాతి వారం మంత్రిగారు వస్తారు. ఏదో ఎర్రమట్టి కనపడిందని ఆపే పని కాదు ఇది."

"ఎర్రమట్టి కాదు, పొయ్యి."

ఆయన వుకోసావ వైపు తిరిగాడు. "మీ కూలీలు ఈ మధ్య బాగా నేర్చుకున్నారు మేడం."

వుకోసావ స్తమేనా తరఫున మాట్లాడలేదు, ఆయన తరఫునా మాట్లాడలేదు. "శుక్రవారానికి ఇస్తానని చెప్పాను కదా," అని మాత్రం అంది. స్తమేనా ప్లాస్టిక్ పట్టా పరిచి, గాలికి లేవకుండా నాలుగు మూలలా రాళ్ళు పెట్టి పైకి వచ్చేదాకా వ్యాను ఆగలేదు. నడిచి బస్సు దగ్గరికి వెళ్ళింది.

*

గురువారం ఆమె వచ్చేసరికి పట్టా గుంత బయట పడుంది. రాళ్ళు ఒక పక్కగా పేర్చి ఉన్నాయి. గాలి రాళ్ళు పేర్చదు.

కిందికి దిగి చూసింది. పొయ్యి నది వైపు అంచు తెగిపోయి ఉంది. పార అంచుతో కొట్టిన దెబ్బలు, నిటారుగా, ఒకదాని పక్కన ఒకటి. ఎర్రమట్టి గడ్డలు ఊట నీళ్ళల్లో పడి కరుగుతున్నాయి. కుండకి ఏమీ కాలేదు. ఆమె ఒక గడ్డ తీసి చేతిలో పట్టుకుంది. లోపలి పక్కన మెత్తిన పొరలు కనిపించాయి, పలచగా, మూడు.

వుకోసావ వచ్చి చూసింది. పైకెక్కి పనివాళ్ళందరినీ పిలవమంది. అందరూ గాలికి వీపులు తిప్పి నిలబడ్డారు.

"ఎవరు?"

చివరికి రాదిసావే అన్నాడు. "నిన్న పొద్దుపోయాక ఊట నీళ్ళు తోడటానికి మళ్ళీ వచ్చి దిగాం మేడం. చీకటి పడింది. పార తగిలినట్టుంది."

"మూడుసార్లు తగిలిందా?"

రాదిసావ్ కింద పెదవి కొరుక్కున్నాడు.

"నీ పారతో నువ్వు ఏమి కొడుతున్నావో నీకు తెలుసు. చీకట్లో కూడా తెలుసు," అంది వుకోసావ. గొంతు పెంచలేదు. "గుమ్మం గోడకి ఇలా పార తగిలి ఉంటే నిన్ను జైల్లో పెట్టించేదాన్ని. దీనికీ నాకు ఆ హక్కుంది. గుర్తుపెట్టుకో. పొండి అందరూ."

ఫోన్ తీసి గ్వోజ్దెన్‌ని పిలిచింది. అటూ ఇటూ నడుస్తూ మాట్లాడింది. గాలిలో మాటలు ముక్కలుగా వినిపించాయి, పార దెబ్బలు, కేసు, మంత్రిగారు. ఫోన్ జేబులో పెట్టుకుని గుంత దగ్గరికి వచ్చింది.

"రెండు దారులంట," అంది స్తమేనాతో. "రేపు పొద్దున్నకల్లా దీన్ని తవ్వి తీసేసుకోవచ్చు. తర్వాత కాంక్రీటు. లేదా స్తంభాన్ని పక్కకి జరుపుతారు. కానీ పక్కన తెరిచిన గుంత ఉంటే స్తంభం నిలవదు కాబట్టి దీన్ని ఇవాళే పూడ్చెయ్యాలి. తవ్వకుండానే."

"మీరేమన్నారు?"

"తవ్వుతానన్నాను. దిగు."

ఇద్దరూ దిగారు. వుకోసావ దారం కట్టి పొయ్యిని సగానికి గీసింది. సగం కోసి తీయాలని, పొరకొక సంచీ అని, బొగ్గు ఉంటే వేరే సంచీ అని గబగబా చెప్పింది. కుండ పెంకులు ముందు తీయాలి. ఆమె వేళ్ళు త్వరగా, నేర్పుగా కదులుతున్నాయి. స్తమేనా సంచులు తెరిచి పట్టుకుంది.

"తీశాక ఇక్కడ ఏముంటుంది?"

"గొయ్యి."

"మరి ఇది?"

"సంచుల్లో. బెల్‌గ్రేడ్‌లో, గోడౌన్‌లో."

"మళ్ళీ ఎవరైనా పేరుస్తారా?"

"ఎవరైనా అడిగితే." వుకోసావ ఒక పెద్ద పెంకు కింద చాకు పోనిచ్చింది. "పట్టు. రెండు చేతులతో."

పెంకు లేచింది. సరిగా కాలని కుండ. నీళ్ళు పీల్చి మెత్తబడిపోయింది. స్తమేనా అరచేతుల్లోకి వచ్చేసరికి మధ్యకి చీలి, నల్లటి ముద్దగా జారిపోయింది.

"ఆరనివ్వాలి దీన్ని," అంది వుకోసావ, తనలో తను అనుకుంటున్నట్టు. "నిదానంగా, ఒక వారమైనా. తర్వాత జిగురు పట్టించి..." ఆగిపోయింది. "కానీ. రెండోది పట్టు."

స్తమేనా చేతులు చాచలేదు.

"మా అత్తగారిని కూడా ఇలాగే ఎత్తారు," అంది. "గని వాళ్ళు శ్మశానం ఖాళీ చేయమన్నారని మీరే వచ్చారు. వర్షంలో, మూడు వారాల్లో ఊరి శ్మశానమంతా ఎత్తేశారు. కొత్తచోట ఆవిడ పేరు రాసిన పలక కింద ఎవరున్నారో నాకు తెలీదు. మీకూ తెలీదు. నేను ప్రతి శనివారం కొవ్వొత్తి పెట్టి వస్తున్నాను, ఎవరికి పెడుతున్నానో తెలీకుండా."

వుకోసావ చాకుని పెంకు కింద నుంచి బయటికి లాగింది.

"నువ్వు కావాలన్నది ఇదే కదా," అంది. గొంతులో కోపం ఉంది. "తవ్వాలన్నావు. మూడు రోజులేనా అని అడిగావు. ఇప్పుడు తవ్వుతుంటే ఇంకో మాట. ఈ ఒడ్డున ఇది ఒక్కటే ఇల్లు. పూడ్చేస్తే నా కాలంలో మళ్ళీ ఎవరూ తెరవరు. నాకు రిటైర్మెంటు దగ్గరికొచ్చింది. ఇందులో ఉన్నదేమిటో తెలీకుండానే పోతాను. అర్థమవుతోందా నీకు?"

"అవుతోంది."

"అయితే?"

"పూడ్చేద్దాం. ఇలా తీయడం కంటే అదే నయం."

వుకోసావ చాకు మట్టిలో గుచ్చి, నిచ్చెనెక్కి వెళ్ళిపోయింది. స్తమేనా కింద ఒక్కతే కూర్చుంది. పైన గుమ్మం దగ్గర ఎవరో రేడియో పెట్టారు, ఎవరో ఆపేశారు. గని వైపు నుంచి బొగ్గు బెల్టు చప్పుడు ఆగకుండా వస్తోంది. చేతిలో మిగిలిన నల్లటి ముద్దని ఆమె పొయ్యి మీదే, పెంకు ఉన్నచోటే పెట్టి వేలితో అదిమింది.

మేడం రెండు పారలు పట్టుకుని తిరిగి వచ్చింది.

"జరుపుతారు," అంది పైనుంచే. "ఒక షరతు మీద. మంత్రిగారు వచ్చే రోజున గానీ, ఆ తర్వాత గానీ నువ్వు ఇక్కడ కనపడకూడదంటున్నాడు ఇంజనీరు. నేను సరేనన్నాను. సోమవారం నుంచి రాకు."

"మీరు ఎదురు చెప్పలేదా?"

"లేదు. నాకు కూడా నువ్వు అక్కర్లేదు. పది మంది ముందు నాకు ఎదురు చెప్పేదాన్ని పెట్టుకుని తవ్వకం నడపలేను."

స్తమేనా లేచి నిలబడింది. కొత్త కాలనీలో ఇంటికి కట్టెలు కొనేది ఈ కూలి డబ్బుతోనే. చలికాలం ముందుంది. అది ఇద్దరికీ తెలుసు.

"పార ఇటివ్వండి," అంది.

ముందు జల్లించిన ఇసుక పోశారు. స్తమేనా దాన్ని చేత్తోనే పెంకుల సందుల్లోకి తోసింది, గట్టిగా నొక్కకుండా. తెగిన అంచు దగ్గర కరగని గడ్డల్ని ఏరి తిరిగి వరసగా ఆనించింది. వుకోసావ కోటు జేబులోంచి ఒక దినార్ నాణెం తీసి, దాని మీద ఏడాది చూసి ఇసుకలో పెట్టింది.

"అదెందుకు?"

"తర్వాత ఎవరైనా తవ్వితే, ఇక్కడిదాకా ఒకసారి ఎవరో వచ్చారని తెలియాలి. లేకపోతే పిచ్చివాళ్ళయిపోతారు."

ఇసుక మీద తెల్లగుడ్డ పరిచారు. తర్వాత మట్టి. రాదిసావ్ పార తీసుకుని వచ్చాడు. మేడం పిలిచిందో, తనంతట తనే వచ్చాడో స్తమేనా అడగలేదు. పైనుంచి నిండు పారలు విసిరి కొడుతున్నాడు. గుంతలో ధబ్బు ధబ్బుమని పడుతోంది.

"మెల్లగా వెయ్యి," అంది స్తమేనా.

"నీ పని పోయింది. తృప్తిగా ఉందా ఇప్పుడు?"

"నీ పనికి అడ్డం లేదు కదా. మెల్లగా వెయ్యి."

రాదిసావ్ ఏదో గొణిగాడు. తర్వాతి పార కిందికి వంచి, మట్టిని జారవిడిచాడు. దాని తర్వాతదీ అంతే. పెర్సిదా దూరం నుంచి నడుం మీద చేతులు పెట్టుకుని చూసి, లోపలికి వెళ్ళిపోయింది.

"తొక్కాలి," అంది వుకోసావ. "వదులుగా ఉంటే కుంగుతుంది. స్తంభం ఆగదు."

ముగ్గురూ దిగి తొక్కారు. స్తమేనా మొదట కాలు ఆనించలేకపోయింది. తర్వాత మడమలు దించి, ఒక మూల నుంచి ఇంకో మూలకి, రాదిసావ్ పక్కనే, అతన్ని తాకకుండా తొక్కుకుంటూ వెళ్ళింది. మట్టి నేలకి సమానమయ్యేసరికి ముగ్గురికీ చెమటలు పట్టాయి. గాలికి ఆ చెమట వెంటనే చల్లబడింది.

గని మనిషి ఒకడు సుత్తి, ఎర్రరంగు వేసిన మేకు పట్టుకుని వచ్చాడు. పూడ్చిన నేలకేసి, చదునైన నేలకేసి చూశాడు. ఎక్కడ ఏముందో ఇక పైకి ఏ గుర్తూ లేదు.

"స్తంభం ఎక్కడికి జరపాలి మేడం?"

వుకోసావ జవాబు చెప్పబోయి, స్తమేనా వైపు చూసింది. స్తమేనా పార కింద పెట్టింది. పొయ్యి మధ్య ఉన్నచోటు నుంచి నది వైపుకి నడిచింది. పారతో తెగిన అంచు దాటింది. నల్లమట్టి అయిపోయేచోటు దాటింది. ఆగింది.

"ఇక్కడ," అంది. మేకు పట్టుకున్నవాడు వంగాడు.

"ఉండు." ఆమె మేడం వైపు తిరిగింది. "ఇంటి వాకిలి ఎటు ఉండి ఉంటుంది?"

"తెలీదు. అటే ఉండొచ్చు, నది వైపు. నీళ్ళకి దగ్గర."

స్తమేనా మరో రెండు అడుగులు ముందుకి వేసింది. కప్పు వంకరగా వస్తుందని గని మనిషి అంటున్నాడు. వుకోసావ సిగరెట్టు వెలిగించడానికి గాలికి వీపు తిప్పుకుంది. రెండోసారికి గానీ అంటుకోలేదు.

"ఆమె ఎక్కడ నిలబడితే అక్కడ కొట్టు," అంది.